దండు వచ్చిపోయిన ఊళ్ళో జనం ఎలా బతికారు?

మీ ప్రశ్నను ముందుగా నా మాటల్లో చెప్పుకుంటాను. మీ కుటుంబం కర్నూలు పాతబస్తీలో ఐదారు తరాలుగా ఉంటోంది. విజయనగరం కూలినప్పటి నుంచి కంపెనీ జెండా ఎగిరే దాకా ఈ ఊరు ఎన్నోసార్లు చేతులు మారిందని చదివారు. అయినా మీ ఇంట్లో యుద్ధం గురించి ఒక్క కథ కూడా మిగలలేదు. అందుకే ‘మా పెద్దలు పారిపోయారా, లేక వచ్చినవాడికల్లా తలవంచి ఊరుకున్నారా?’ అని అడిగారు. నేను ముప్పై రెండేళ్ళు కడప, కర్నూలు, అనంతపురం కళాశాలల్లో చరిత్ర బోధించాను. ఉద్యోగ విరమణ తరువాత ఎక్కువ కాలం కైఫియత్తులు, అంటే పాత ఊరి చరిత్రల రాతలు, చదవడంలోనే గడిచింది. నా విద్యార్థులు ఇదే ప్రశ్నను వేరువేరు రూపాల్లో అడిగేవారు. తరగతి గంట మోగేలోపు చెప్పిన జవాబులు నాకే తృప్తినివ్వలేదు కాబట్టి ఇప్పుడు వివరంగా రాస్తున్నాను.

మీ ఇంట్లో యుద్ధం కథలు లేవని మీరు అనుకుంటున్నారు. ఉండే ఉంటాయి, కాని యుద్ధం పేరుతో ఉండవు. పేటలో బతికే మనిషి యుద్ధాన్ని కరువుగా, ధరగా, పన్నుగా, నీళ్ళ ఎద్దడిగా, వదిలిపెట్టి వచ్చిన ఇల్లుగా గుర్తుపెట్టుకున్నాడు. ఏ నవాబు ఎవరి మీద గెలిచాడన్న సంగతి కోటలోపలి వాళ్ళు రాసిపెట్టుకున్నారు. ఆ ఏడు చొప్ప దొరికిందా లేదా అన్నది పేటలోని వాళ్ళు తలచుకున్నారు. ఈ రెండు జ్ఞాపకాలను పక్కపక్కన పెట్టి చదవకపోతే మీ ప్రశ్నకు జవాబు దొరకదు.

ముందు కాలక్రమం చూద్దాం. 1565 జనవరిలో రాక్షసి తంగడి యుద్ధం తరువాత విజయనగర రాజధాని పెనుకొండకు తరలింది. ఆ తరువాత తరాల్లో కర్నూలు బీజాపూరు సుల్తానుల చేతికి, 1680ల చివర మొగలుల చేతికి, ఆ పైన పన్నీ వంశపు పఠాను నవాబుల చేతికి వచ్చింది. గోల్కొండ సేనాని నేక్‌నామ్ ఖాన్ పేరుమీద నేక్‌నామాబాద్ అనిపించుకున్న కడప, 18వ శతాబ్దంలో మయానా నవాబుల రాజధాని అయింది. ఇలా రాస్తే ఇది పరీక్ష పుస్తకంలా ఉంటుంది. అందుకని ఒక మనిషి వయసుతో కొలిచి చూడండి. 1770లో కడపలో ఒక నేతగాడి ఇంట్లో పుట్టిన బిడ్డను ఊహించుకోండి. ఆ బిడ్డ పుట్టేనాటికి ఊళ్ళో మయానా నవాబు ఉన్నాడు. ఆ ఇంటి పెద్దలకు అప్పటికే 1757 నాటి జ్ఞాపకం ఉంది. ఆ ఏడు కడప దగ్గర మరాఠాలతో జరిగిన పోరులో అప్పటి నవాబే చనిపోయాడు. బిడ్డకు తొమ్మిదేళ్ళు వచ్చేసరికి, 1779లో, మైసూరు పాలకుడు హైదరలీ కడపను పట్టుకున్నాడు. సిద్ధవటంలో లొంగిపోయిన నవాబు హలీమ్ ఖాన్‌ను శ్రీరంగపట్నం తరలించారు. ఇరవై రెండేళ్ళ వయసులో, 1792 ఒప్పందంతో, కడప నిజాముకు దక్కింది. ముప్పై ఏళ్ళ వయసులో, 1800 అక్టోబరు 12న, నిజాము ఆ భూములను ఈస్టిండియా కంపెనీకి రాసిచ్చాడు. ఒకే మగ్గం మీద, ఒకే గుంతలో కాళ్ళు పెట్టుకుని కూర్చున్న మనిషి ముప్పై ఏళ్ళలో నలుగురు ప్రభువులకు పన్ను కట్టాడు. అతడు ఎవరినీ ఓడించలేదు, ఎవరికీ లొంగిపోలేదు. అతణ్ణి ఎవరూ ఆ మాట అడగనూ లేదు.

ఇక దండు వస్తే ఏమవుతుందో చూద్దాం. ‘యుద్ధం’ అన్న మాట మన పల్లెల్లో, పేటల్లో పెద్దగా వాడుకలో ఉండేది కాదు. ‘దండు వచ్చింది’, ‘దండు దిగింది’, ‘దండు పోయింది’ అనేవారు. ఈ మాటలో వర్షం, మిడతలు వచ్చినట్టు ఒక ధ్వని ఉంది. అది యాదృచ్ఛికం కాదని నా నమ్మకం. 18వ శతాబ్దపు దక్కను సైన్యం అంటే గుర్రాలు, తుపాకులు, ఫిరంగులను లాగే వేల ఎద్దులు, సైనికులకన్నా ఎక్కువ సంఖ్యలో ఉండే బజారు జనం. ఆ గుర్రాలకూ ఎద్దులకూ మేత కావాలి. మన సీమలో మేత అంటే చొప్ప. జొన్న కోతలు అయ్యాక ఏడాదికి సరిపడా వామి వేసుకుంటే, ఆ వామి మీదే ఇంటి పశువులు బతకాలి. దండు ఊరి పొలిమేరలో నాలుగు రోజులు దిగితే చుట్టుపక్కల వాములన్నీ ఖాళీ అవుతాయి. అవతలి పక్షానికి దొరకకూడదని మిగిలినదాన్ని తగలబెట్టడమూ ఆ కాలపు యుద్ధపద్ధతే. ఆ రోజు ఎవరూ చనిపోకపోవచ్చు. వేసవికి ఎద్దులు చనిపోతాయి. తొలకరికి సేద్యం చేయడానికి ఎద్దులుండవు. మరుసటి ఏడు జొన్నలు ఉండవు. అప్పుడు మనుషులు చనిపోతారు. యుద్ధం జరిగిన ఏడుకూ చావు వచ్చిన ఏడుకూ మధ్య ఏడాది, ఏడాదిన్నర దూరం ఉంటుంది కాబట్టి, ఇంటి జ్ఞాపకంలో ఆ చావు కరువు ఖాతాలోకి వెళ్ళిపోయింది.

1791, 92 సంవత్సరాల్లో ఇదే జరిగింది. వానలు పోయినందువల్ల దక్కనులో భయంకరమైన కరువు వచ్చింది. పూడ్చే దిక్కులేక పుర్రెలు నేలమీద పడి ఉన్నందువల్ల దాన్ని పుర్రెల కరువు అన్నారు. సరిగ్గా ఆ రెండేళ్ళే టిప్పు మీద కంపెనీ, నిజాము, మరాఠాలు కలిసి మూడో మైసూరు యుద్ధం చేశారు. నిజాము సేనలు, కంపెనీ దళాలు మన గండికోటను, గుర్రంకొండ దిగువ కోటను ముట్టడించినది అప్పుడే. ధాన్యాన్ని ఎద్దుల బిడారుల మీద తెచ్చి అమ్మే లంబాడీలకు ఆకలితో ఉన్న పేటకన్నా వెండి రూపాయలు చెల్లించే సైనిక బజారు లాభసాటిగా ఉండేది. శ్రీరంగపట్నం ముందు దిగిన కంపెనీ సేనాధిపతి కారన్‌వాలిస్ సేనను కాపాడినది వాళ్ళు తెచ్చిన ధాన్యమే. వానలేని కరువుకు దండు తోడైనప్పుడు పట్టణపు పేదవాడికి కొనడానికి గింజ దొరకదు. రైతు ఆకులు, దుంపలు ఏరుకుని కొంత కాలం నెట్టుకొస్తాడు. కూలి డబ్బుతో సంతలో కొనుక్కుని బతికే నేతగాడు, దూదేకులవాడు, బరువులు మోసే కూలీ ముందుగా పడిపోతారు. పట్టణవాసుల గురించి అడిగారు కాబట్టి ఈ తేడాను గట్టిగా చెబుతున్నాను.

దీనికి జనం కనిపెట్టుకున్న రక్షణ పాతర. మీరు పట్టణంలో పెరిగారు కనుక చూసి ఉండకపోవచ్చు. గట్టి నేలలో సీసా ఆకారంలో గుంత తవ్వి, లోపల గడ్డి పరిచి, జొన్నలు నింపి, మూతి బండతో మూసి, పైన మన్ను కప్పి, నేలతో సమానంగా అలికేసేవారు. పైన బండి తోలినా కింద పదిహేను పుట్ల జొన్నలున్నాయని బయటివాడికి తెలియదు. గింజ కొన్నేళ్ళు నిలుస్తుంది. ముక్కవాసన వస్తుంది గాని పురుగు పట్టదు, ఎందుకంటే లోపల గాలి ఆడదు. ఆ కారణంగానే పాతర తీయడం ప్రమాదం. మూత తీసి ఒక పూట వదిలి, దీపం దించి చూసి, దీపం ఆరకపోతేనే మనిషి దిగాలి. తొందరపడి దిగి ఊపిరాడక పోయినవాళ్ళ కథలు మన జిల్లాల్లో ఏ పాత ఊళ్ళో అడిగినా చెబుతారు. పాతరను సాధారణంగా వ్యవసాయ పనిముట్టుగా మాత్రమే పరిచయం చేస్తారు. నా దృష్టిలో అది యుద్ధకాలపు పనిముట్టు కూడా. ఎలుకల నుంచి, తేమ నుంచి కాపాడుకోవడానికైతే గాదెలు, గుమ్ములు ఉన్నాయి. భూమిలో దాచి పైన అలికి ఆనవాలు లేకుండా చేయడం మనిషి నుంచి కాపాడుకోవడానికే. మీ ఇంట్లో ఎవరైనా ‘మా జేజినాయన పాతర తీసినప్పుడు…’ అని మొదలుపెట్టిన కథ ఉంటే దాన్ని ఈ దృష్టితో మళ్ళీ వినండి.

గింజ తరువాత నీళ్ళు. గుత్తి కోట కథ దీనికి సరైన ఉదాహరణ. కొండమీది ఆ కోట మరాఠా సరదారు మురారిరావు ఘోర్పడే రాజధాని. పేట మాత్రం కొండ కింద ఉంది. హైదరలీ 1775లో ముట్టడి మొదలుపెట్టి ముందు కింది పేటను, దిగువ కోటను పట్టుకున్నాడు. పై కోట నెలల తరబడి నిలిచింది. దాన్ని ఫిరంగులు పడగొట్టలేదు. కొండమీద నీళ్ళు అయిపోవడం వల్ల 1776లో మురారిరావు లొంగిపోయాడు, కబ్బాలదుర్గంలో బందీగా ఉండి చనిపోయాడు. పుస్తకాల్లో కథ ఇక్కడితో ఆగుతుంది. కాని ఆ నెలలన్నీ కింది పేటలో జనం కాపురం చేస్తూనే ఉన్నారు. తమను నిన్నటిదాకా ఏలినవాడు పైన ఉన్నాడు, నేడు ఏలుతున్నవాడు వీధిలో ఉన్నాడు, రెండు వైపుల ఫిరంగులూ తమ మిద్దెల మీదుగానే పేలుతున్నాయి. ఆ పేటలో ఆ నెలల్లో పెళ్ళిళ్ళు జరిగి ఉంటాయి, బిడ్డలు పుట్టి ఉంటారు, ఎవరో ఒకరు బావి దగ్గర వంతు కోసం తగవులాడి ఉంటారు. ఎవరూ రాయలేదు కాబట్టి అవి జరగలేదని అనలేం.

‘పారిపోయారా?’ అన్న మీ ప్రశ్నకు ఇప్పుడు వస్తాను. అవును, పారిపోయారు, చాలాసార్లు. తిరిగి కూడా వచ్చారు. ఈ రెండో మాట చెప్పకుండా మొదటి మాట చెబితే అబద్ధమవుతుంది. 19వ శతాబ్దం తొలి దశాబ్దాల్లో కంపెనీ సర్వేయరు కాలిన్ మెకంజీ, ఆయన దగ్గర పనిచేసిన కావలి సోదరులు, వారి మనుషులు ఊరూరా కరణాలనూ పెద్దలనూ అడిగి రాయించిన కైఫియత్తుల్లో ఒక వరస మళ్ళీమళ్ళీ కనిపిస్తుంది: దండు వచ్చింది, ఊరు ఖిలమైంది (పాడుబడింది), కొన్నేళ్ళకు ఫలానావాడు కౌలు ఇచ్చి జనాన్ని పిలిపించాడు, పేట కట్టించాడు. ఈ కాలంలో కౌలు అంటే మనకు పొలం గుత్తకు తీసుకోవడం ఒక్కటే తెలుసు. ఆ రోజుల్లో కౌలు అంటే మాట, అభయపత్రం. ‘మీరు వచ్చి ఇళ్ళు కట్టుకోండి, మగ్గాలు పెట్టుకోండి, ఇన్నేళ్ళు పన్ను అడగం, ఆ తరువాత ఇంత మాత్రమే అడుగుతాం’ అని పాలకుడు రాసిచ్చే కాగితం. ఊరిని గెలిచినవాడికి మట్టిగోడలు చేతికొస్తాయి. పన్ను కట్టే మనుషులు చేతికి రారు. మనుషులు లేకపోతే గెలుపు దండగ. ఈ సంగతి జనానికి బాగా తెలుసు. అడవి అంచునో బంధువుల ఊళ్ళోనో ఉండి, కౌలు షరతులు నచ్చేదాకా తిరిగిరాకుండా ఉండటం వాళ్ళ చేతిలోని ఒకే ఒక్క ఆయుధం, దాన్ని వాళ్ళు నేర్పుగా వాడుకున్నారు. దీన్ని తలవంచడం అని నేను అనలేను.

అందరూ ఇలా బేరమాడగలిగే స్థితిలో లేరన్నది కూడా నిజం. మగ్గం విప్పి బండి మీద వేసుకోవచ్చు, కంసాలి తన పనిముట్లు సంచిలో కట్టుకోవచ్చు. దుకాణంలో సరుకు నింపుకున్న వైశ్యుడు, బాకీలు రావలసిన సాహుకారు కదలలేరు. అందువల్లే కప్పం వసూలు చేయడానికి వచ్చిన సేనాని ముందుగా బజారు పెద్దలను పట్టుకునేవాడు. వాళ్ళు ఆ మొత్తాన్ని ఇల్లింటికీ వంతులు వేసేవారు. కరణం తన కవిలె కట్టలతో మిగిలిపోయేవాడు, ఎందుకంటే ఏ పొలం ఎవరిది, ఏ ఇంటికి ఎంత శిస్తు అన్నది అతనికి తప్ప ఎవరికీ తెలియదు. నవాబుకైనా మరాఠా సరదారుకైనా మైసూరు ఆమిల్‌దారుకైనా అతడే కావాలి. మరీ ముసలివాళ్ళు, మరీ పేదలు మిగిలిపోయేవారు. ఊరు వదలని దళితవాడల జనం కొత్తగా వచ్చిన ప్రతి సేనకూ వెట్టి చేశారు: గుర్రాలకు గడ్డి కోశారు, మూటలు మోశారు, దారి చూపారు, చచ్చిన పశువులను లాగారు. పాలకుడు మారినా వెట్టి మారలేదు. మన చరిత్ర రచనలో ఈ భాగం ఇంకా చాలా పలచగా ఉందని బాధతో చెబుతున్నాను.

ఇప్పుడు మీ ఊరు. 1750 డిసెంబరులో జింజీ దగ్గర నిజాము నాసిర్ జంగును కాల్చి చంపినవాడు కర్నూలు నవాబు హిమాయత్ ఖాన్. రెండు నెలలు గడవకముందే, 1751 తొలి నెలల్లో, రాయచోటి ప్రాంతపు కనుమల్లో అతడూ, కొత్త నిజాము ముజఫర్ జంగూ ఒకే పోరులో చనిపోయారు. ఆ తరువాత సలాబత్ జంగును నిజాము గద్దెనెక్కించిన ఫ్రెంచి సేనాని బుస్సీ నేరుగా కర్నూలు మీదికి వచ్చి కోటను దాడి చేసి పట్టుకున్నాడు. నవాబు ఎక్కడో జింజీలో పేల్చిన తుపాకీకి శిక్ష తుంగభద్ర ఒడ్డున ఉన్న ఊరు అనుభవించింది. కోటగోడ లోపల ఇళ్ళున్న వాళ్ళలో ఎందరికి జింజీ ఎక్కడుందో తెలిసి ఉంటుంది?

1839 వేరే రకం. నవాబు గులాం రసూల్ ఖాన్ రహస్యంగా ఆయుధాలు పోగుచేస్తున్నాడన్న ఆరోపణతో కంపెనీ సేన వచ్చింది. సోదాలో ఫిరంగులు, మందుగుండు బయటపడ్డాయి. నవాబు ఊరు వదిలి జొహరాపురం చేరాడు. అతని వెంట ఉన్న అరబ్బులు, రోహిలాలు తమ జీతం బాకీలు తీర్చేదాకా కదలనివ్వలేదు. అక్టోబరు 18న అక్కడ చిన్నపాటి యుద్ధం జరిగింది, నవాబు పట్టుబడ్డాడు, తిరుచిరాపల్లిలో బందీగా ఉంటూ మరుసటి ఏడు హత్యకు గురయ్యాడు. జీతాలు బాకీ పడింది సైనికులకు మాత్రమే అనుకోకండి. ఒక దర్బారు మీద దర్జీలు, అత్తరు అమ్మేవాళ్ళు, జీను కుట్టేవాళ్ళు, కంసాలులు, గుర్రపు నాడాలు కొట్టేవాళ్ళు, బిర్యానీ వండే బావర్చీలు బతుకుతారు. దర్బారు ఒక్కరోజులో మూతబడితే వాళ్ళ ఖాతాలన్నీ ఎవరు తీరుస్తారు? కర్నూలు ముందు కమిషనరు కిందా, తరువాత ఏజెంటు కిందా నడిచి, 1858లో జిల్లా అయింది. ఆ పంతొమ్మిదేళ్ళూ పాతబస్తీ వృత్తిదారులకు తుపాకి మోత లేని యుద్ధమే. ఈనాడు ఆటోలో జొహరాపురం దాటుతున్నప్పుడు అది ఏ నేలో ఒక్కసారి గుర్తు చేసుకోండి.

కంపెనీ రావడంతో దండుల రాకపోకలు తగ్గిన మాట నిజం. 1800 నుంచి 1807 దాకా నిజాము ఇచ్చిన భూములకు ప్రధాన కలెక్టరుగా ఉన్న థామస్ మన్రో పాళెగాళ్ళను అణచి, భూములను కొలిపించి, రైతు దగ్గర నేరుగా శిస్తు తీసుకునే రైతువారీ పద్ధతి పెట్టాడు. మన్రోను మన వాళ్ళు మండ్రోలయ్య అని దేవుడిలా తలచుకున్నారు, ఆ పేరు బిడ్డలకు పెట్టుకున్నారు. రెండు తరాలు దండులు చూసిన జనానికి వాకిట్లో నిద్రపోగలగడం ఎంత పెద్ద వరమో దీన్ని బట్టి అర్థమవుతుంది. కాని అదే మన్రో తాను వేసిన శిస్తు ఎక్కువగా ఉందని, దాన్ని నూటికి ఇరవై ఐదు తగ్గించాలని 1807లో తానే సిఫారసు చేశాడు. ఆ తగ్గింపు రైతుకు అందడానికి పదేళ్ళకు పైగా పట్టింది. పట్టణంలో మగ్గానికి, దుకాణానికి, చేతివృత్తికి ముతర్ఫా పన్ను ఉండేది. అది మద్రాసు రాజధానిలో 1861 దాకా బతికే ఉంది. శాంతికీ ఒక ధర ఉంది, దాన్ని కూడా పేటలోనివాళ్ళే కట్టారు.

మన నేలకు అంటిన పేరు మాట కూడా చెప్పాలి. నిజాము ఇచ్చేసిన భూములు కనుక ‘సీడెడ్ జిల్లాలు’, తెలుగులో ‘దత్తమండలాలు’ అన్నారు. ఒక ప్రాంతపు ప్రజలను, వాళ్ళను ఎవరు ఎవరికి ఇచ్చారన్న దాన్ని బట్టి పిలవడం అవమానమని తోచి, 1928లో నంద్యాల సభలో చిలుకూరి నారాయణరావు గారు ‘రాయలసీమ’ అన్న పేరు ప్రతిపాదించారు. నూట ఇరవై ఎనిమిదేళ్ళు పట్టింది ఆ పేరు వదిలించుకోవడానికి. ఇప్పటికీ సినిమా వసూళ్ళ వార్తల్లో ‘నైజాం, సీడెడ్’ అని చదువుతున్నారు కదా, అది 1800 నాటి ఆ ఒప్పందం మాటే. ఆ మాట వినిపించిన ప్రతిసారీ నా మనసు చివుక్కుమంటుంది.

ఆక్రమించినవాళ్ళు చివరికి ఏమయ్యారన్నది మీరు అడగలేదు గాని, అది లేకుండా ఈ జవాబు పూర్తికాదు. వాళ్ళలో చాలామంది మన పక్కింటివాళ్ళయ్యారు. నవాబుల వెంట వచ్చిన పఠాను సిపాయిలు, గుత్తి చుట్టూ స్థిరపడిన మరాఠా కుటుంబాలు, మైసూరు కొలువులో వచ్చినవాళ్ళు రెండు మూడు తరాల్లో ఇక్కడి జొన్నరొట్టె తిని, ఇక్కడి తెలుగు మాట్లాడి, ఇక్కడి కరువులోనే చనిపోయారు. ఉగాదినాడు దేవుని కడప లక్ష్మీ వేంకటేశ్వరుడి గుడికి ముస్లిం కుటుంబాలు వచ్చి, స్వామిని పెళ్ళాడిందని చెప్పే బీబీ నాంచారమ్మ తమ ఆడపడుచన్న వరసతో కాయా కర్పూరం సమర్పిస్తాయి. అనంతపురం జిల్లా గూగూడులో కుళ్ళాయస్వామి పీరును అన్ని కులాల హిందువులూ మొక్కుకుంటారు. ఇవి ఎవరో పైనుంచి ఆజ్ఞాపిస్తే వచ్చిన ఆచారాలు కావు. ఒకే దండుకు భయపడి, ఒకే బావి నీళ్ళు తాగి, ఒకే బజారులో అప్పు పెట్టుకున్న జనం కట్టుకున్న చుట్టరికాలు. దీనివల్ల ఒక చిక్కు కూడా వచ్చింది: నీ పక్కింటివాడి ముత్తాత నీ ముత్తాత ఇంటిని దోచిన సేనలో ఉండి ఉండవచ్చు. ఆ కథను పిల్లలకు చెబితే రేపు వీధిలో ఎలా నిలబడాలి? మన పెద్దలు కొన్ని కథలను మరిచిపోలేదు, చెప్పకూడదని ఊరుకున్నారు. మీ ఇంటి మౌనంలో ఇది ఒక భాగం కావచ్చు.

మరో భాగం ఇంకా దారుణమైనది. 1876లో, ధాత నామ సంవత్సరంలో, మొదలైన ధాత కరువులో కర్నూలు జిల్లా అత్యంత ఘోరంగా దెబ్బతింది. 1871 జనాభా లెక్కకూ 1881 లెక్కకూ మధ్య జిల్లా జనాభా దాదాపు నాలుగో వంతు తగ్గింది. కరువులో ముందుగా పోయేది పసిపిల్లలు, ముసలివాళ్ళు. 1839ని కళ్ళతో చూసినవాళ్ళు ఆ నాటికి ముసలివాళ్ళు. కథ చెప్పేవాళ్ళూ వినవలసినవాళ్ళూ ఒకేసారి వెళ్ళిపోయారు. అందుకే సీమలో చాలా ఇళ్ళలో జ్ఞాపకం వెనక్కి వెళ్ళి ధాత దగ్గర గోడకు తగిలినట్టు ఆగిపోతుంది. ఆ గోడకు ఇటువైపు మిగిలిన కాగితాలు కొన్ని 2009 అక్టోబరు వరదలో పోయాయి. తుంగభద్ర, హంద్రీ రెండూ పాతబస్తీలోకి వచ్చినప్పుడు మీ వీధిలో పెట్టెలకు పెట్టెలు దస్తావేజులు బురదలో కలవడం మీరే చూసి ఉంటారు.

మా అవ్వ సంగతి ఒకటి చెబుతాను. ఆమెది అలంపురం పక్క పల్లె, తుంగభద్రకు ఆవలి గడ్డ, అంటే 1948 దాకా నిజాము రాజ్యం. రజాకార్ల భయంతో ఆ ఏడు వేసవి చివర ఆమె ముగ్గురు పిల్లలతో రాత్రిపూట పుట్టిలో నది దాటి కర్నూలు వచ్చింది. నేను చరిత్ర విద్యార్థిగా ఉన్నప్పుడు ఎంతో ఉత్సాహంతో ఆమెను రజాకార్ల గురించి అడిగాను. ఆమెకు చెప్పడానికి ఏమీ లేదనిపించింది. ‘ఎనుమును కట్టు విప్పి వదిలేసి వచ్చినాము, ఈనే దినాలు దానివి’ అన్నది. కర్నూల్లో తాము దిగిన ఇంటి బావి నీళ్ళు ఉప్పగా ఉండేవని, పప్పు ఉడికేది కాదని అన్నది. పుట్టివాడు మనిషికి ఎంత అడిగాడో, పసిబిడ్డకు కూడా లెక్క కట్టాడని అన్నది. నేను నోటుపుస్తకం మూసేశాను. ఆమె నాకు మొత్తం చెప్పిందని, నేనే వినలేదని తెలుసుకోవడానికి పదిహేనేళ్ళు పట్టింది. అప్పటికి ఆమె లేదు. సెప్టెంబరు 13న మొదలై 17న ముగిసిన సైనిక చర్య తేదీలు ఆమె ఏనాడూ ఉచ్చరించలేదు. ఆ ఎనుము ఏమైందో మాత్రం చివరి దాకా అడుగుతూనే ఉన్నది.

కాబట్టి మీ ఇంట్లోని పెద్దలను ‘యుద్ధం గురించి చెప్పండి’ అని అడగకండి. ఈ ఇల్లు ఎవరు కట్టారు, అంతకుముందు ఎక్కడ ఉండేవాళ్ళం, ఆ ఊరు ఎందుకు వదిలాం అని అడగండి. మన కులదైవం ఏ ఊళ్ళో ఉంది, ఆ ఊరికీ మనకూ ఇప్పుడు ఏ సంబంధం లేకపోయినా ఎందుకు పోతున్నాం అని అడగండి. దైవం ఒక చోట, కాపురం ఒక చోట ఉందంటే ఆ రెంటి మధ్య ఏదో ఒక వలస ఉంటుంది. ఏ ఇంటితో పెళ్ళి సంబంధాలు చేయరో, ఎందుకు చేయరో అడగండి. దండు, కోట, తుపాకుల వంటి ఇంటిపేర్లు మీ చుట్టాల్లో ఉంటే వాటి పుట్టుక అడగండి. తేదీలు అడగకండి, సంవత్సరాల పేర్లు అడగండి. ‘ధాతలో’, ‘పింగళలో’ అని చెబితే లెక్క వేసుకోవడం మన పని. మీ పూర్వీకులు వచ్చిన ఊరి పేరు తెలిస్తే, కడపలో బ్రౌన్ దొర బంగళా ఉన్న చోట కట్టిన సి.పి. బ్రౌన్ గ్రంథాలయానికి వెళ్ళి ఆ ఊరి కైఫియత్తు ఉందేమో చూడండి. ఆ భాషలో ఫారసీ రెవెన్యూ మాటలు ఎక్కువ కాబట్టి మొదట కష్టంగా ఉంటుంది. ఏ వాక్యమైనా అర్థం కాకపోతే ఇక్కడే రాయండి, నాకు తెలిసినంతవరకు విప్పి చెబుతాను. వెళ్ళేముందు మాత్రం ఇంట్లో అందరికన్నా పెద్దావిడ దగ్గర ఒక సాయంత్రం కూర్చోండి. ఆమె ఎనుము గురించో బావి గురించో మొదలుపెడితే నోటుపుస్తకం మూయకండి.